ఫోన్‌కు వినబడని బేస్

మూడేళ్ల కిందటి శ్రావణ మాసంలో ఒక గురువారం, ఇబ్రహీంపట్నంలో సాగర్ రోడ్డుకు కొంచెం లోపలగా ఉన్న ఫంక్షన్ హాల్‌లో పెళ్లికి నన్ను ఆపరేటర్‌గా వేశారు. ముహూర్తం పదిన్నరకు. సామాను పొద్దున ఆరింటికల్లా దిగాలి, ఎనిమిదికల్లా మైకు మాట్లాడాలి.

మా పనిలో హోదాలు మూడే. బాక్సులు మోసి వైర్లు లాగేవాడు హెల్పర్. మిక్సర్ ముందు కూర్చునేవాడు ఆపరేటర్. సామాను కొని, ఫోన్‌లో మా ఇద్దరినీ తిట్టేవాడు సెట్ ఓనర్. నేను మీర్‌పేట్‌లో పుట్టి పెరిగినవాణ్ని. రెండేళ్లు హెల్పర్‌గా చేసి, ఆ శ్రావణానికి ఆపరేటర్‌నై ఏడాది. మొత్తం మీద నాలుగేళ్లు ఈ పని చేసి ఇరవై ఏడేళ్లకు రిటైరయ్యాను. రిటైర్ అన్న మాటకు మా అమ్మ ఇప్పటికీ నవ్వుతుంది. కారణం నవ్వేది కాదు, దాని సంగతి తర్వాత చెబుతాను. ఇప్పుడు ఆదిభట్లలో ఒక కంపెనీ స్టోర్స్‌లో ఉన్నాను. బస్సులో పక్క సీటు వాళ్లకు నేను సౌండ్ పని చేశానని తెలిసిన దగ్గర్నుంచి ఒకటే ప్రశ్న: కారులో బేస్ బాగా రావాలంటే ఈక్వలైజర్ ఎట్లా పెట్టాలి? ఒక్క ముక్కలో చెప్పమంటారు. నాకు ఒక్క ముక్కలో రాదు. ఆ గురువారం మొత్తం చెప్పాల్సి వస్తుంది.

గ్రాఫిక్ ఈక్వలైజర్ అంటే పక్కపక్కనే నిలబెట్టిన ముప్పై ఒక్క గుబ్బలు. ఎడమ చివరివి నేల అదిరే బేస్. మధ్యలోవి మనిషి గొంతు. కుడి చివరివి గాజుల చప్పుడు, తాళాల చప్పుడు. గుబ్బ మధ్య గీత మీద ఉంటే యంత్రం ఆ భాగాన్ని ముట్టుకోనట్టు. పైకి తోస్తే పెరుగుతుంది, కిందికి తోస్తే తగ్గుతుంది. ఎవడైనా మొదట చేసేది ఎడమవైపు గుబ్బలన్నీ పైకి తోయడమే. నేనూ అదే చేశాను. కాకపోతే నా దగ్గర అందుకు రుజువు ఉందనుకున్నాను.

ఆ రుజువు నా ఫోన్‌లో ఉంది. హాల్‌లో 'షూ' అని వర్షం లాంటి చప్పుడు వదిలి ఫోన్ పట్టుకుంటే, ఏ భాగం ఎంత వినిపిస్తుందో గీతలుగా చూపించే యాప్ అది. చెవులతో పనిచేసే పాత ఆపరేటర్లను చూసి నేను నవ్వుకునేవాణ్ని. ఆ రోజు బేస్ బాక్సులను, అంటే మేం సబ్‌లు అనేవాటిని, స్టేజీకి రెండు పక్కలా మూలల్లోకి తోయించాను. మూలకైతే వైరు తక్కువ పడుతుంది, పూల డెకరేషన్‌కు అడ్డం రాదు. తర్వాత ఖాళీ హాల్ మధ్యలో నిలబడి ఫోన్ ఎత్తి పట్టుకున్నాను. ఎడమవైపు గీతలు నేల మీద పడుకొని ఉన్నాయి. బేస్ లేదు. వెళ్లి యాభై, అరవైమూడు, ఎనభై అని రాసి ఉన్న గుబ్బలు పైకి తోశాను. మళ్లీ చూశాను. గీతలు కొంచెం లేచాయి. ఇంకా తోశాను.

అప్పుడు వెనక నుంచి ఒక గొంతు వినిపించింది.

"బేటా, ఆ డబ్బాలు మూలల నుంచి జర ముందటికి గుంజుర్రి. మూలకు పెడితే గోడలు గూడ పాడుతయ్."

చేతిలో గొడుగు, నడుముకు తాళాల గుత్తి. అరవై దగ్గరపడిన మనిషి. హాల్‌లో జనరేటర్, లైట్లు, కూలర్లు చూసుకునే ఖాజా చాచా. పక్క ఊరి మనిషి. పొద్దున వ్యాన్ గేటు దగ్గర ఆపి ప్లగ్ పాయింట్లు చూపించింది ఆయనే.

"చాచా, నువ్వు జనరేటర్ చూస్కో. సౌండ్ నేను చూస్కుంట" అన్నాను. నా గొంతు ఎట్లా ఉందో నాకు తెలుసు.

"అచ్ఛా" అన్నాడు ఆయన. గొడుగు దులుపుకొని వెళ్లిపోయాడు.

తొమ్మిదింటికి పెళ్లికూతురే నా బల్ల దగ్గరికి వచ్చింది. జడ సగం వేసి ఉంది, వెనక జడ వేసే అమ్మాయి పూలతో పరుగెత్తుకొస్తోంది. పేరు మౌనిక. ఆదిభట్లలో ఐటీ ఉద్యోగం.

"అన్నా, సౌండ్ నువ్వేనా? ఒక్క మాట. భోజనాలప్పుడు మా బాపు డప్పు కొడ్తడు. మా బాపు, ఇంకో నలుగురు. పది నిమిషాలే ఒప్పుకున్నరు పిలగాని దిక్కోళ్లు. మంచిగుంటే ఇంకింత సేపు, లేకుంటే డీజే."

డప్పులకు మైకు పెడతాను, దానికేముంది అన్నాను.

"మైకు కాదన్నా." ఆమె చుట్టూ చూసింది. "పెండ్లిల బిడ్డ తండ్రి డప్పు కొట్టుడేందని బాపు వద్దన్నడు. నెల రోజులు కొట్లాడి ఒప్పిచ్చిన. ఆఫీసుల చేరేటప్పుడు ఫారంల తండ్రి పని కాడ 'వ్యవసాయం' అని రాసిన నేను. మాకు గుంట భూమి గూడ లేదు. ఇయ్యాల మా ఆఫీసోళ్లంత వస్తున్నరు. మా బాపు కొట్టేది ఆళ్లు ఇనాలె. ఆయన నవ్వులపాలు గావద్దు. గంతే."

నాకు అప్పుడు సగమే అర్థమైంది. మిగతా సగం ఖాజా చాచా తర్వాత చెప్పాడు. పెళ్లికొడుకు తాతది కూడా డప్పు కొట్టిన చేయే. కానీ ఇంట్లో ఉద్యోగాలు వచ్చి నగరం చేరాక, ఆ మాట ఎత్తడం మానేశారు. ఇప్పుడు కోడలి తరఫున ఆ డప్పు మళ్లీ స్టేజీ ఎక్కుతోంది. పెళ్లికొడుకు తండ్రి కిష్టయ్య పొద్దుటి నుంచీ వియ్యంకుణ్ని 'యాదయ్యా' అనే పిలుస్తున్నాడు. వియ్యంకులు బావా అని పిలుచుకోవడం మామూలు. ఆ మాట ఆయన నోటి నుంచి రావడం లేదు.

పదింటికి జనం నిండారు. బయట ముసురు. పంతులు గారి మైకు పెంచాను. మంత్రం బయటికి వచ్చేసరికి ఒక అక్షరానికీ ఇంకో అక్షరానికీ తేడా లేదు, దుప్పటి కప్పుకొని మాట్లాడుతున్నట్టుంది. పైన రేకుల కింద బిగించిన సీలింగ్ పలకలు జరజరమంటున్నాయి. పంతులు గారు మైకును అనుమానంగా చూసి ఇంకొంచెం దగ్గరికి జరిగారు. దాంతో ఇంకా ముద్దయింది.

ఇంతలో పెళ్లికొడుకు చిన్నాన్న కొడుకు వినయ్ వచ్చాడు. చేతిలో పెన్ డ్రైవ్. డీజే పాటలన్నీ వాడి దగ్గరే ఉన్నాయి.

"అన్నా, గిదేం సెట్ అన్నా? బేసే లేదు. మా దిక్కు కూసుంటే రేడియో లెక్కుంది. పెంచు."

నేను వాడు కూర్చున్న దగ్గరికి ఫోన్ పట్టుకొని పోయాను. నిజమే, యాప్‌లో బేస్ గీత లేవలేదు. వచ్చి ఎడమ గుబ్బలు చివరిదాకా తోశాను. జీలకర్ర బెల్లం పెడుతున్నారు. పంతులు గారు "సావధానా" అని నోరు తెరిచారు. హాల్ మొత్తం 'హూఁ' అని మూలిగింది. మైకులోంచి వచ్చిన బేస్ బాక్సులోకి, బాక్సులోది మళ్లీ మైకులోకి పోయి అట్లా తిరుగుతుంది. ఆగదు, పెరుగుతుంది. స్టేజీ మీద ఇత్తడి చెంబులో చెంచా టకటకలాడింది. ముందు వరసలో పిల్లలు నవ్వారు, తర్వాత పెద్దవాళ్లు కూడా నవ్వారు.

నేను గుబ్బల మీద పడేలోపు పక్క నుంచి ఒక చేయి వచ్చి మైకు గుబ్బను కిందికి లాగింది. నేను ఆ చేతిని పట్టుకొని పక్కకు నెట్టేశాను. ఖాజా చాచా. మూలుగు ఆగింది. పెళ్లి ముందుకు సాగింది.

తలంబ్రాలు మొదలయ్యాయి, మైకు పని లేదు. చాచా నా ఎదురుగా కుర్చీ వేసుకున్నాడు.

"కోపం తర్వాత పడుదువు గాని, నీ ఫోన్ పట్టుకొని రా."

"యాప్ తప్పు చూపదు చాచా."

"నేను తప్పంటలేను. పా."

సబ్ ముందుకు తీసుకెళ్లి, ఏదైనా బేస్ పాట చిన్నగా పెట్టమన్నాడు. పెట్టాను. ఫోన్ పట్టుకోమన్నాడు, పట్టుకున్నాను. ఎడమవైపు మొదటి గీతలు కదలనే లేదు. తర్వాత నా రెండో చేయి తీసి పక్కనున్న ప్లాస్టిక్ కుర్చీ వీపు మీద పెట్టాడు. కుర్చీ వణుకుతోంది. మోచేతి దాకా తెలుస్తోంది.

"గిప్పుడు చెప్పు. కుర్చీ అబద్ధమాడుతదా, ఫోన్ ఆడుతదా?"

నేను ఫోన్ వైపు చూశాను. ఆయనే చెప్పాడు. ఫోన్ మైకు మనిషి మాట కోసం చేసింది. గాలి, బండి మోత, చేతి రాపిడి వినిపించకుండా కింది భాగం కావాలనే కోసేస్తారు. ఆ చెవికి బేస్ పుట్టుకతోనే లేదు. నేను పొద్దుటి నుంచీ చేస్తున్నది చెవిటివాడిని అడిగి పాట సరిచేసినట్టే. బేస్ లేదని ఫోన్ అన్న ప్రతిసారీ, ఉన్నదాని మీద ఇంకా పోశాను.

"మరి వినయ్ కూర్చున్న కాడ నిజంగనే బేస్ లేదు కదా?"

"గక్కడ లేదు. వెనక వరుసల కడుపుల పేగులు కదులుతున్నయ్. గోడ నుంచి తిరిగొచ్చిన బేస్, డబ్బాల నుంచి వచ్చిన బేస్ కొన్ని జాగల ఒకదాన్నొకటి తింటయ్. కొన్ని జాగల రెండు కలిసి మీద పడుతయ్. ఒక్క కుర్చీల కూసున్నోని మాటిని హాలంత మార్చుతవా?"

ముప్పై ఏళ్లు ఆయన మైక్‌సెట్ నడిపాడని అప్పుడు చెప్పాడు. గుంజలకు హారన్లు కట్టిన కాలం నుంచి. ఎడమ చెవి పూర్తిగా పోయింది, కుడిది సగం. ఆ సంగతి ఓనర్లకు తెలిశాక ఎవరూ మిక్సర్ ముందు కూర్చోబెట్టలేదు. అందుకే జనరేటర్.

"సన్నటి చప్పుళ్లు నాకు ఇనరావు. బేస్ మాత్రం ఒంటికి తెలుస్తది. గది చెవితోని పని గాదు."

అరగంటలో ఆ మనిషి చేసింది నేను ఇప్పటికీ అదే వరసలో చెప్పగలను. ముందు సబ్‌లు మూలల్లోంచి లాగించాడు. రెండింటినీ స్టేజీ ముందు మధ్యలో పక్కపక్కనే పెట్టించాడు. డెకరేషన్ అతను గొణిగితే, ఆయనే రెండు పూల కుండీలు తెచ్చి వాటి ముందు పెట్టాడు. తర్వాత నేను లేపిన గుబ్బలన్నీ మధ్య గీతకు దించమన్నాడు. ప్రతి మాట మైకుకూ మిక్సర్ మీద 'లో కట్' అనే చిన్న బటన్ ఉంటుంది, నొక్కితే ఆ మైకులోంచి బేస్ రాదు. పంతులు గారికి బేస్ ఎందుకు? నొక్కించాడు.

ఆ తర్వాత నన్ను మైకు దగ్గరికి పంపి, తాను హాల్ చివరికి పోయాడు. 'హలో హలో, చెక్ చెక్' అన్నాను. దూరం నుంచే చేయి ఊపాడు, వద్దని. దగ్గరికి వచ్చి భోజనాల జాబితా కాగితం చేతిలో పెట్టాడు.

"హలో అంటే ఏం తెలుస్తది బేటా? గిది సదువు. జనం గూడ ఇంటరు."

చదివాను. "బగారన్నం, గోంగూర మటన్, బెండకాయ ఫ్రై, గుత్తొంకాయ, డబల్ కా మీఠా..." ముందు వరసల్లో నవ్వులు. "ఎప్పుడు పెడుతరో గది గూడ సదువు!" అని ఒకాయన అరిచాడు. చాచా మాత్రం నవ్వలేదు. వరసల మధ్య నడుస్తూ, ఒక్కో కుర్చీ వీపు మీద అరచేయి ఆనించి పోతున్నాడు. 'బ', 'గ', 'డ' అక్షరాల దగ్గర హాల్ ఎక్కడ పొంగుతుందో చూస్తున్నాడన్నమాట. చాలినన్ని చోట్ల చేయి పెట్టాక వచ్చి నూటఅరవై, రెండువందల దగ్గర గుబ్బలు రెండు కొద్దిగా కిందికి దింపించాడు. ఒక్కటీ పైకి తోయలేదు.

మళ్లీ చదివాను. బగారన్నంలో ప్రతి అక్షరం విడివిడిగా వచ్చింది. పాట పెడితే, పొద్దుటి కంటే తక్కువ బేస్ పెట్టినా పొద్దుటి కంటే ఎక్కువ వినిపించింది. నిజంగా లోతుగా ఉన్నదాన్ని నేను పెంచిన మోతే కప్పేసిందని అప్పుడు తెలిసింది. వినయ్ బల్ల దగ్గరికి వచ్చి, "చూసినవా, పెంచితే ఎట్లుందో!" అని నా భుజం తట్టాడు. నేను కాదనలేదు.

పన్నెండున్నరకు భోజనాలు మొదలయ్యాయి. యాదయ్య వచ్చాడు. తెల్ల పంచె, తెల్ల చొక్కా, తలకు గులాబీ రంగు పాగ. వెనక నలుగురు, చేతుల్లో డప్పులు. ఒక్కసారి కొట్టి చూపించమన్నాను. సిర్ర, అంటే కుడిచేతి కర్ర, డప్పు మీద పడింది. తడిసిన అట్టను కొట్టినట్టు 'దబ్' అన్నది. రెండోది కూడా అంతే.

నేను మైకు మార్చాను. గొంతు గుబ్బలు కొంచెం లేపాను, కింద కొంచెం తగ్గించాను. 'దబ్' కాస్తా 'టబ్' అయ్యింది. అంతే. చాచా నా చేతి వైపు చూసి తల అడ్డంగా ఊపాడు.

"నీ మిషన్ల లేదు బేటా ఆ సప్పుడు. డప్పులు పొద్దుగాల్నుంచి కూలర్ ముందట ఉన్నయ్. తోలు నీళ్లు తాగింది."

డప్పుకు కట్టేది మేక తోలు. తడి గాలి తగిలితే సాగుతుంది. అందుకే ప్రతి దరువుకు ముందు మంట వేసి డప్పు కాపుతారు. వేడికి తోలు గుంజుకొని, మోతకు మోత, దెబ్బకు దెబ్బ వస్తాయి. యాదయ్యకు ఇది నేను చెప్పాలా? ఆయనకు తెలుసు. మరి ఎందుకు కాపలేదు?

"ఈడ మంట పెట్టనియ్యరు గదా సారు" అన్నాడు యాదయ్య మెల్లగా.

"ఎనక షెడ్డుల వంటోళ్ల పొయ్యిలున్నయ్. కట్టెల మంట" అన్నాడు చాచా.

యాదయ్య ఆ వైపు చూశాడు. వంట షెడ్డుకూ, హాల్ వెనక భాగంలో భోజనాలు పెట్టిన చోటుకూ మధ్య గోడ లేదు, ఇనుప జాలీ మాత్రమే. జాలీ పక్క బల్లల మీదే పెళ్లికొడుకు తరఫువాళ్లు తింటున్నారు. వాళ్ల ముందు పిల్లనిచ్చిన మామ వంటవాళ్ల పొయ్యి దగ్గర గొంతుక్కూర్చొని డప్పు కాపుకోవాలి. ఆయన పాగ సర్దుకున్నాడు. అడుగు పడలేదు.

"ఇట్లనే కొడుత తియ్యి సారు. పది నిమిషాలే గదా."

మౌనిక ఎప్పుడు స్టేజీ దిగిందో నేను చూడలేదు. పసుపు బట్టలతో, తలంబ్రాల బియ్యం జుట్టులో ఇంకా ఉండగానే వచ్చి ఒక డప్పు చంకన పెట్టుకుంది.

"పా బాపు."

"నువ్వెక్కడికి బిడ్డా, చీర కరాబైతది."

"కానియ్. నీ డప్పు సప్పుడు నాకు తెల్వదా? గీ దబ్‌దబ్ ఇనిపిచ్చెటానికా నేను కొట్లాడింది? పా అంటున్న గదా."

యాదయ్య ఒక్క క్షణం బిడ్డ ముఖంలోకి చూసి కదిలాడు. నేను ఫోన్ జేబులో వేసి రెండు డప్పులు పట్టుకున్నాను. అప్పుడే వినయ్ పెన్ డ్రైవ్‌తో మిక్సర్ వైపు వస్తూ కనిపించాడు. డప్పులు చాచాకు ఇచ్చి వెనక్కి పరుగెత్తాను.

"అన్నా, ఆళ్ల టైం అయిపోయింది. పెట్టు."

"ఇంక మొదలే కాలే."

"అయితే పెట్టు మరి, ఆళ్లొచ్చిందాంక."

పాట మొదలైతే ఆపలేమని నాకు తెలుసు. కుర్రాళ్లు స్టేజీ ముందుకు వస్తారు, ఇంక ఏ పెద్దమనిషీ దించలేడు. డీజే మిషన్ నుంచి మిక్సర్‌కు వచ్చే వైరు పీకి, చుట్ట చుట్టి, ప్యాంటు జేబులో పెట్టుకున్నాను.

"వైరు కరాబైంది."

"నా ముందటనే పీకినవ్ గదన్నా!"

"పీకినంక కరాబైంది. డప్పులైనంక మంచిగైతది. పో, తిని రా."

వాడు మా ఓనర్‌కు ఫోన్ చేశాడు. నంబర్ బాక్సుల మీదే రాసి ఉంటుంది కదా. నిమిషంలో నా ఫోన్ మోగింది. పెళ్లివాళ్లు ఏది అడిగితే అది పెట్టమన్నాడు ఓనర్. సరే అన్నా అన్నాను. పెట్టలేదు.

అక్కడి నుంచి జాలీలోంచి షెడ్డు కనిపిస్తోంది. యాదయ్య పంచె మోకాళ్ల పైకి లాక్కొని పొయ్యి పక్కన కూర్చున్నాడు. డప్పును మంటకు ఎదురుగా పట్టి, తిప్పుతూ, మధ్యమధ్యలో గోటితో మీటుతున్నాడు. తింటున్నవాళ్లలో కొందరు చేతులు ఆపి చూస్తున్నారు. ఒకామె పక్కామె చెవిలో ఏదో అంది. కిష్టయ్య లేచాడు. విస్తరి మడిచాడు. చేయి కడుక్కొని నేరుగా షెడ్డులోకి నడిచాడు. ఆపమని చెప్పబోతున్నాడనుకొని నేనూ వెనకే పోయాను. అవసరమైతే గొడవ పెట్టుకోవడానికే పోయాను.

యాదయ్య ఆయన్ని చూసి లేవబోయాడు. కిష్టయ్య భుజం మీద చేయి పెట్టి కూర్చోబెట్టాడు. తాను కూడా పక్కనే గొంతుక్కూర్చొని, డప్పును యాదయ్య చేతిలోంచి తీసుకున్నాడు. గోటితో అంచున ఒక దెబ్బ, మధ్యలో ఒక దెబ్బ. చెవి దగ్గర పెట్టుకున్నాడు.

"ఇంక గుంజుకోలే బావా. జర కాగనియ్" అన్నాడు.

డప్పును తనే మంటకు పట్టాడు. ఎంత దూరంలో పట్టాలో, ఎప్పుడు తిప్పాలో ఆ చేతికి ఎవరూ చెప్పలేదు. మౌనిక అక్కడే, చంకలో ఇంకో డప్పుతో, పొగకు కళ్లు తుడుచుకుంటూ నిలబడింది.

నేను తిరిగి బల్ల దగ్గరికి వచ్చాను. ఐదుగురికి ఐదు మైకులు పెడదామనుకున్నాను. చాచా ఒక్కటి ఉంచి మిగతావి తీయించాడు. ఆ ఒక్కటీ నాలుగడుగుల దూరంలో, ఛాతీ ఎత్తులో. డప్పులు మొదలయ్యే ముందు సబ్‌లు ఆపేయమన్నాడు. బేస్ బాక్సులు ఆపేస్తే డప్పు ఎట్లా అని అడిగాను.

"డప్పు కడుపులనే ఉంది బేస్. నువ్వు దూరమున్నోళ్లకు దెబ్బ మాత్రం అందియ్యి."

దరువు మొదలైంది. మొదటి దెబ్బకే నాకు అర్థమైంది. పొద్దుటి నుంచి గుబ్బలతో వెతికింది ఇదే. కింద మోత నేల మీద నడుస్తుంటే, పైన ఎడమచేతి సన్నపుల్ల, చిటికెన పుల్ల దెబ్బ దాన్ని అంచు దగ్గర కత్తిరిస్తోంది. ఒకదాన్నొకటి కప్పడం లేదు. సీలింగ్ పలక ఒక్కటి కూడా జరజరమనలేదు. యాదయ్య మొదటి దరువంతా తల వంచుకొనే కొట్టాడు. రెండో దరువుకు తలెత్తాడు. మూడోదానికి మౌనిక ఆఫీసువాళ్లు లేచి వచ్చారు. పది నిమిషాలు ఎప్పుడు అయ్యాయో ఎవరూ చూడలేదు, నేను చూసినా చెప్పలేదు. యాదయ్య ఆపబోతుంటే కిష్టయ్య నా మైకు తీసుకున్నాడు. అందరికీ వినబడేలా, "బావా, ఇంకొక్క దరువు" అన్నాడు. ఆ ఒక్కటి ముప్పావుగంట నడిచింది.

అంతా అయ్యాక వినయ్ బల్ల దగ్గరికి వచ్చాడు. చెమటతో తడిసిపోయి ఉన్నాడు, ముందు వరసలో ఎగిరినవాళ్లలో వాడే మొదటివాడు. వైరు సంగతి ఎత్తలేదు. ఫోన్ నా ముందు పెట్టి, రికార్డు చేసిన వీడియో చూపించాడు.

"అన్నా, గీ రికార్డింగుల బేస్ ఏది? గంత మోతుండె గదా. గిండ్లయితే పళ్లెం కొట్టినట్టుంది. ఎట్ల సెట్ చెయ్యాలె?"

చాచా నా వైపు చూశాడు. జవాబు నాకే వదిలేశాడు.

"ఫోన్‌కు ఇనరాదు తమ్మి" అన్నాను. "ఆడున్నోళ్లకే."

సామాను ఎక్కించేటప్పుడు చాచా చెవుల్లో దూది పెట్టుకోమని రెండుసార్లు చెప్పాడు. బేస్ కన్నా, పెద్దగా వచ్చే కీచు చప్పుళ్లే చెవిని మెల్లగా తినేస్తాయన్నాడు. ఆ రోజు ఆయన చెప్పినవన్నీ విన్నాను, అదొక్కటి తప్ప. ఏడాది తర్వాత నా కుడి చెవిలో ఈల మొదలైంది, ఇప్పటికీ ఉంది. పని మానేయడానికి అదే కారణం.

మిగతావి పని మానే దాకా పాటించాను. బాక్సు ఎక్కడ పెట్టామో ముందు చూశాను. జనం కూర్చున్న చోట్ల నడిచి, చేయి ఆనించి, ఆ తర్వాతే గుబ్బ ముట్టుకున్నాను. పెంచమన్న చోట ముందు తగ్గించి చూశాను, నూటికి తొంభైసార్లు వాళ్లకు నిజంగా కావలసింది అదే. వాయిద్యం పలకకపోతే ఈక్వలైజర్ దగ్గరికి కాదు, వాయిద్యం దగ్గరికి పోయాను. కారు సంగతి అడిగే బస్సు మిత్రులకు కూడా ఇదే చెబుతున్నాను. గుబ్బలన్నీ మధ్య గీతకు దించండి, ఫోన్ జేబులో పెట్టండి, డోర్ మీద చేయి ఆనించండి. ఎక్కువగా వణికిన చోట ఒక్కటి తగ్గించండి. ఇంకా బాగోకపోతే తప్పు ఈక్వలైజర్‌ది కాదు.